నేను మింగిన రెండు మాటలు

ఆ జపాన్ నటి పొగరుబోతని మా దీవిలో, మేముండే డైరీ ఫార్మ్ పేటలో ఇప్పటికీ చెబుతారు. మా మామ్మ ఇంటికొచ్చి, సినిమా నమస్కారం ఒకటి పెట్టి, క్షమాపణ ఊసెత్తకుండా పోయిందట. అబద్ధం. ఆమె అడిగింది. ఆ మాట మామ్మకు చేరనివ్వనిది నేను. ఇరవై రెండేళ్లుగా ఈ బరువు నాలుక కింద దాచుకుని, ఊళ్లో అందరి తప్పులూ ఎంచుతూ తిరిగాను. మీకే మొదటిసారి చెబుతున్నాను. మధ్యలో ఓదార్చకండి.

అప్పుడు కాలేజీలో నాది చివరి ఏడాది. మా తెలుగు చర్చికి బయటి బోధకులొస్తే పక్కన నిలబడి, వాళ్లు ఇంగ్లీషులో ఒక వాక్యం చెప్పి ఆగగానే తెలుగులో అందించేదాన్ని. నేనేం చెబితే అదే బోధ. ఎవరికీ అనుమానం రాదు. అందుకే ఆ నటిని వెంటబెట్టుకొచ్చిన ఆఫీసరు నన్ను పిలిపించాడు.

పదిహేడేళ్లకే సినిమాల్లోకి వచ్చిందట. యుద్ధానికెళ్లిన మొగుడి కోసం గుమ్మంలో ఎదురుచూసే భార్య వేషాలకు పేరట. నలభై నిండగానే మానేసింది. ఎందుకని జీపులో అడిగాను. తమ సినిమాల్లో కెమెరా ఆ గుమ్మం దాటదనీ, మగవాళ్లు వెళ్లిన చోటేం చేశారో చూపించదనీ, అది చూడాలనే వచ్చాననీ వచ్చీరాని ఇంగ్లీషులో చెప్పింది.

రెండో ప్రపంచ యుద్ధంలో జపాన్ వాళ్లు మా దీవుల్ని ఆక్రమించినప్పుడు, ఇక్కడి చాతం రంపపు మిల్లులో పనిచేసే మా తాతను వాళ్ల సైనికులు గూఢచారి అని పట్టుకెళ్లారు. మళ్లీ రాలేదు. ఈమె తండ్రి అప్పుడిక్కడ సైన్యంలో అధికారి. ఆ సంగతి మామ్మకు హిందీలో చెప్పేసి ఆఫీసరు జీపు దగ్గరికి పోయాడు.

వాకిలి నిండా జనం. "ఇదేం హీరోయిన్ దీదీ, మొహాన పౌడరైనా లేదు," అని పక్కింటామె నా చెవిలో ఊదింది. నటి మామ్మ ఎదుట నడుం దాకా వంగి, చాలాసేపు లేవలేదు. సినిమావాళ్ల నమస్కారమే వేరని జనం మురిసిపోయారు. తర్వాత ఆమె ఇంగ్లీషులో మెల్లగా అంది:

"మా నాన్న తరఫున, మీ భర్తకు జరిగినదానికి క్షమించమని అడగడానికి వచ్చాను."

ఆగింది. అందరూ నా నోటికేసి చూశారు.

"ఇల్లు బాగుందంటోంది మామ్మా," అన్నాను.

మామ్మ తలూపింది. "సర్లే. వాళ్ల నాన్న ఇల్లు చేరాడేమో అడగవే అమ్మాయ్. వాళ్లమ్మా నాలాగే ఎదురుచూసుంటుందిగా."

నేను ఇంగ్లీషులోకి తిరిగాను. "మిమ్మల్ని వెళ్లిపొమ్మంటోంది," అన్నాను.

ఆమె మళ్లీ వంగింది. చాయ్ ముట్టకుండా వెళ్లింది. జవాబు చెప్పకుండా పోయిందేంటే అని మామ్మ అడిగితే, వాళ్లంతే అన్నాను.

ఎందుకు చేశాను? తాత మీద ప్రేమా? ఆయన్ని చూడనేలేదు. ఆమె నటిస్తోందనుకున్నానా? కాసేపు అలా అనుకుని చూశాను, నిలబడలేదు. అసలు సంగతి ఇది: తాత చావు నా చేతిలో కత్తి. కాలేజీ వాదనల్లో దాంతో ఎన్ని నోళ్లు మూయించానో లెక్కలేదు. మామ్మ ఒక్క మాటతో క్షమించేస్తే నా చేతిలో ఏం మిగులుతుంది? నష్టం ఆవిడది, కోపం మాత్రం నేను సొంతం చేసుకున్నాను.

మామ్మ పోయింది. మొన్న ఓడలో ఆలస్యంగా వచ్చిన ఇంగ్లీషు పేపర్లో నటి పోయినట్టు నాలుగు లైన్లు. ఆమె వేసిన వేషాల గురించి రాశారు, ఇక్కడికొచ్చిన సంగతి లేదు.

చెప్పేశాను. నోరు కాస్త తేలికపడింది. అంతకంటే ఏమీ కాలేదు, నేను మంచిదాన్నీ అయిపోలేదు. కానీ నేను అడగకుండా మింగినది ఇప్పుడు నాకే కావాలి, చెప్పేవాళ్లెవరూ మిగల్లేదు. ఆమె నాన్న ఇల్లు చేరాడా?