గాలి చొరని హాలు

పోయిన నెల మా మేనమామ మనవరాలి పెళ్ళికి ఆత్మకూరు వెళ్ళాను. శుభలేఖలో కల్యాణ మండపం పేరు ఉండాల్సిన చోట ఇండోర్ స్టేడియం అని అచ్చువేసి ఉంది, అది చదివినప్పటి నుంచే నా మనసు మనసులో లేదు. లోపలికి వెళ్ళేసరికి, ఒకప్పుడు మేము భయంభయంగా అడుగుపెట్టిన చెక్క నేల మీద ఎర్ర తివాచీ పరిచారు, నెట్టు కట్టే చోట పెళ్ళి వేదిక లేచింది, గ్యాలరీ మెట్ల మీద పిల్లలు ఐస్‌క్రీమ్ కప్పులు విసురుకుంటున్నారు. ఒక మూల తివాచీ పక్కకు జరిగితే దాని కింద కోర్టు గీత కనిపించింది. నా పక్కన కూర్చున్న అక్క దాన్ని నాకంటే ముందే చూసింది. ఎండాకాలం, పైగా అంత జనం, ఫ్యాన్లు తిరుగుతున్నా ఉక్కపోత ఆగక అందరూ శుభలేఖలతోనే విసురుకుంటున్నారు. మా వెనక వరసలో పెళ్ళికొడుకు తరఫు పెద్దమనిషి ఒకాయన, ఈ హాలు కట్టినవాడెవడో గానీ గాలికి ఒక్క సందయినా వదలలేదని విసుక్కున్నాడు. దానికి మా అక్క ఏమందో చెప్పాలంటే ముందు మా నాయన సంగతి చెప్పాలి.

మాది ఉదయగిరి. మీలో నా ఈడు వాళ్ళకు బాల్ బ్యాడ్మింటన్ గుర్తుండే ఉంటుంది. ఈ కాలం పిల్లలకు ఆ మాట చెబితే షటిల్ అనుకుంటారు గానీ అది వేరు, ఇది వేరు. పసుపుపచ్చని ఉన్ని బంతి, బరువైన చెక్క రాకెట్టు, అటు ఐదుగురు, ఇటు ఐదుగురు, బంతి నేలను తాకకముందే కొట్టాలి. మా ఆడపిల్లల బడిలో కోర్టు దుర్గం కొండ కిందే ఉండేది. ఆట బట్టలు మార్చుకోవాలంటే తరగతి గదిలో ఒకరికొకరం చీర అడ్డం పట్టుకొనేవాళ్ళం. మధ్యాహ్నం తిరిగితే చాలు, కొండ మీద నుంచి గాలి దిగేది. ఉన్ని బంతికి బరువెంతని, గాలి ఎటు లాగితే అటు పోయేది. బయటి ఊళ్ళ జట్లు మా కోర్టుకు వచ్చి తలలు పట్టుకొనేవి.

మా అక్కకు మాత్రం ఆ గాలే ఆట. తను వెనక వరసలో ఆడేది, నేను ముందు నెట్టు దగ్గర. బంతి కొట్టేముందు ఒక్కసారి బడి పక్కనున్న హాస్టలు వంటింటి పొగగొట్టం వైపు చూసేది. పొగ ఎటు వాలితే దాన్నిబట్టి బంతిని పైకి లేపి వదిలేది. అది అవతలివాళ్ళ తలల మీదుగా పోతుందని వాళ్ళు వెనక్కి పరుగెత్తేలోగా, గాలి అడ్డం తగిలి నెట్టు పక్కనే సోలిపోయి పడేది. చూసేవాళ్ళు అదృష్టం అనేవారు. పక్కనుండి ఏళ్ళ తరబడి చూసినదాన్ని కాబట్టి నాకు తెలుసు, అందులో అదృష్టం రవ్వంత కూడా లేదు.

మా నాయన మేస్త్రి. పని లేని రోజున మా ఆట చూడడానికి వచ్చేవాడు. ఆయన వచ్చినప్పుడల్లా ఏదో ఒక గాలిదుమారం లేచి ఆట ఆగిపోవడం, మేము కళ్ళు నులుముకోవడం, కంపచెట్లలో పడిన బంతి కోసం వెతుక్కోవడం, ఇవే ఆయన కంట పడేవి. గాలంటే తన కూతురి మీద పగ పట్టిన మనిషెవరో అన్నట్టు కొండ వైపు గుర్రుగా చూసేవాడు. ఆత్మకూరులో పెద్ద ఇండోర్ స్టేడియం కడుతున్నారని, అందులో తనకు పని దొరికిందని తెలిసిన రోజు ఆయన ఎంత మురిసిపోయాడో చెప్పలేను.

వారానికొకసారి ఇంటికి వచ్చి, వసారా గచ్చు మీద బొగ్గుతో ఆ హాలు గీసి చూపించేవాడు. ఇనుప కమానులను క్రేనుతో ఎలా నిలబెట్టారో, బంతి తగలకుండా కప్పు ఎంత ఎత్తున వేస్తున్నారో, ఎండ ఆటగాళ్ళ కళ్ళల్లో కొట్టకుండా కిటికీలు తలలకు ఎంత పైన పెట్టారో, మోకాళ్ళు నొప్పి పుట్టకుండా చెక్క నేల కింద ఖాళీ ఎలా వదిలారో అన్నీ వివరంగా చెప్పేవాడు. ఆడపిల్లలు బట్టలు మార్చుకోవడానికి లోపల గడియ ఉన్న గది ఉంటుందంటే మేము నమ్మలేదు. మా అవ్వ అంతా విని, అంత కొంపలో వేరుశనక్కాయల మూటలు ఎన్ని పడతాయని అడిగింది. అందరం నవ్వాం. ఆమె ఎంత ముందుచూపుతో అడిగిందో మాకు చాలా కాలం తర్వాతగానీ తెలియలేదు.

ప్లానులో పడమటి వైపు గోడకు గాలి కోసం జాలీలు ఉన్నాయట. మా నాయన ఇంజనీరు దగ్గరికి పోయి, మా వైపు గాలి సంగతి మీకు తెలియదు, ఇది మూయకపోతే పిల్లలు ఆడలేరని బతిమాలుకున్నాడట. షటిల్ ఆటకూ గాలి పనికిరాదు కాబట్టి ఆయనా సరేనన్నాడు. ఆ గోడ మీద ఇంకెవరినీ చెయ్యి వేయనివ్వకుండా మా నాయనే కట్టాడు. ఆ వారం ఇంటికి వచ్చి, సంచి కూడా దించకముందే అక్కతో చెప్పాడు.

"ఇంక గాలి నీ జోలికి రాదు పాపా. పడమటి గోడ నేనే మూసేసినాను."

అక్క నవ్వి ఆయనకు మంచినీళ్ళు ఇచ్చింది. మాలో ఎవరికీ ఇంకో ఆలోచన రాలేదు.

ఆ ఏడే రాష్ట్ర జట్టుకు ఎంపిక పోటీలు ఆ కొత్త హాల్లో పెట్టారు. అక్కకు అప్పటికే సంబంధాలు చూస్తున్నారు. జట్టులోకి వస్తే పెళ్ళి మాట వాయిదా వేసి, నెల్లూరు పంపి, డ్రిల్లు టీచరు చదువు చదివిస్తానని నాయన మాట ఇచ్చాడు. అక్కకు ఈ లోకంలో కావలసింది అదొక్కటే.

ఆ రోజు గ్యాలరీలో నాయన తన తోటి మేస్త్రీలందరినీ వెంటబెట్టుకొని కూర్చున్నాడు. అక్క మొదటి బంతి లేపింది. ఎప్పటిలాగే లేపింది. అది ఎక్కడా సోలకుండా, తిన్నగా పోయి అవతలి అమ్మాయి రాకెట్టు మీద వాలింది. ఆ తర్వాతది గీత దాటి పోయింది. అక్క తల తిప్పి చూసింది, పొగ కోసం. అక్కడ తెల్లగా సున్నం వేసిన పడమటి గోడ ఉంది. ఆట సాగేకొద్దీ ఆమె చేతులు పరాయి మనిషి చేతుల్లా తయారయ్యాయి. ఎంపికైన పేర్లు చదివినప్పుడు అందులో అక్క పేరు లేదు.

బయటికి వచ్చాక నాయన మొహం చూడలేక అక్క మణికట్టు బెణికిందని చెప్పింది. ఆయన బస్సులో ఉదయగిరి వచ్చేదాకా ఆ చెయ్యి తన ఒళ్ళో పెట్టుకొని నిమురుతూనే ఉన్నాడు. మర్నాడు కొళాయి దగ్గర అక్క నాకు అసలు సంగతి చెప్పింది.

"చేయి బాగానే ఉండాది. గాలి లేకుంటే నాకు ఆట రాదే. నాయనకి చెప్పబాకు."

నేను చెప్పలేదు. ఆ బెణుకు మాత్రం మా ఇంట్లో ఏళ్ళ తరబడి బతికింది. అక్క బిందె ఎత్తబోతే నాయన వచ్చి లాక్కొనేవాడు. కొండాపురం ఇచ్చి పెళ్ళి చేసినప్పుడు, దాని కుడి చేత బరువులు మోయించవద్దని అల్లుడికి ఒకటికి రెండుసార్లు చెప్పాడు. పాపం, మా బావ ఆ మాట పట్టుకొని పొలంలో గడ్డిమోపు కూడా తనే ఎత్తేవాడు. మేమిద్దరం తలుచుకొని నవ్వుకునేవాళ్ళం, నవ్వాక ఎవరి మొహం వాళ్ళం పక్కకు తిప్పుకొనేవాళ్ళం.

నా బాధ ఆ గోడ గురించి కాదు. ఒక నెల పాటు ఆ హాలు తలుపులు మాకు తీసిపెట్టి ఉంటే అక్క గాలి లేని ఆట కూడా నేర్చుకొనేది, అంత తెలివి ఆమెకు ఉంది. ఆడుకుంటామని అడిగినప్పుడల్లా తాళాలు లేవన్నారు. ఆ తాళాలు ఎన్నికలకు దొరికాయి, ఓట్ల లెక్కింపుకు దొరికాయి, వానలప్పుడు బియ్యం మూటలు పెట్టడానికి, పోటీ పరీక్షలకు, కరోనా మంచాలకు, ఇప్పుడు పెళ్ళిళ్ళకు దొరికాయి. అవ్వ అడిగిన మూటల ప్రశ్నకు ఆ రకంగా జవాబు వచ్చింది. మా నాయన చివరిదాకా, బస్సు ఆ దారిన పోతే పక్క సీటు మనిషికి ఆ హాలు చూపించి, పడమటి గోడ నేనే కట్టినానని చెప్పేవాడు. ఆయనకు నిజం చెప్పి ఉండాల్సిందా అని ఇప్పటికీ అనిపిస్తుంది. చెప్పి ఆయన చేతిలో నుంచి ఆ గోడను కూడా లాక్కుంటే మిగిలేదేమిటని కూడా అనిపిస్తుంది.

ఇక పెళ్ళి సంగతి. ఆ పెద్దమనిషి విసుగు విని అక్క నెమ్మదిగా వెనక్కి తిరిగింది.

"మా నాయన కట్టినాడన్నా. నేను ఆడుకోవాలని కట్టినాడు."

ఆయన తలెత్తి ఆ గోడ వైపు చూశాడు. అక్క కూడా చూసింది. ఇన్నేళ్ళకు ఆమె కళ్ళల్లో నీళ్ళు చూశాను.

భోజనాలయ్యాక బయటికి వచ్చాం. ఉదయగిరి బడిలో మా కోర్టు ఉన్న చోట ఇప్పుడు గదులు లేచాయి. ఉన్ని బంతులు ఎక్కడ దొరుకుతాయో కూడా నాకు తెలియదు. గడియ ఉన్న గదులు, చెక్క నేలలు, దీపాలు అన్నీ వచ్చాయి, వాటిని కోరుకున్న మేమే ఆడే వయసు దాటిపోయాం. అక్క తాంబూలం సంచులు రెండూ కుడి చేత్తోనే ఎత్తుకుంది, లాక్కోవడానికి నాయన లేడు. వంటవాళ్ళ షామియానా దగ్గర పొయ్యిలు ఇంకా మండుతున్నాయి. అక్క నడుస్తున్నదల్లా ఆగి, ఆ పొగ ఎటు వాలుతుందో చూసింది.