పొయ్యి ఎక్కని పాకం

వంటగట్టు మీద ఇప్పుడున్నవి: కాచి చల్లార్చిన నీళ్లు ఒక గ్లాసు, చక్కెర లేని తీపి పొడి, చిక్కదనానికి చిటికెడు గమ్ పొడి, మూత బిగుతుగా పట్టే గాజు సీసా, కోసిన నిమ్మకాయ. ఉన్నవాళ్లు: నేను, కుర్చీలో నాన్న. పొయ్యితో పనిలేదు, పొడులు రెండూ ముందే కలిపి సీసాలో వేసి, నీళ్లు పోసి, ఉండలు కరిగేదాకా ఊపి, బుడగలు పోయేదాకా ఫ్రిజ్‌లో ఉంచితే పాకం సిద్ధం. అశోక్‌నగర్‌లోని ఈ ఫ్లాటులో నిమ్మతొక్క వాసన రాగానే చిక్కడపల్లిలో మేం కిరాయికున్న ఇల్లు గుర్తొస్తుంది.

వేసవి సెలవుల్లో ఆ ఇంట్లో కూలర్‌లో తడిసిన గడ్డి వాసన, డాబా మీద ఎండే వడియాల వాసన, క్యారమ్ బోర్డు మీద చల్లిన పౌడరు వాసన మధ్యాహ్నమంతా కలగలిసి ఉండేవి. నాలుగింటికి నానమ్మ పిల్లలకు చక్కెర పాకంతో నిమ్మ షర్బత్ కలిపేది. తాతయ్యకు షుగరు. ఆయన సీసా వేరు: తీపి మాత్రలు రోట్లో నూరి, కుండనీళ్లలో కరిగించి, పల్చటి గుడ్డలో వడకట్టి, చిక్కగా కనిపించాలని నానిన సబ్జా గింజలు వేసేది. శ్రీరామనవమి పానకం కూడా ఆయన తీర్థంలా ఒక్క చెంచాడే పుచ్చుకునేవారు.

ఇంటి ఓనరమ్మ ఆటపట్టించేది. "తాతగారూ, మీ గిలాస ఒక్కటే సపరేటా? వీఐపీ అయిపోయిన్రు గదా!"

"వీఐపీని కాదమ్మా, ఖైదీని."

మాత్రల తీపి చివర్లో నాలుక మీద చేదుగా మిగులుతుందని తాతయ్య సగం గ్లాసు వదిలేసేవారు. ఒక ఎండాకాలం ఉన్నట్టుండి అడుగుదాకా తాగడం మొదలుపెట్టారు. "ఇప్పటికి కుదిరిందే నీకు," అంటే నానమ్మ ముఖం వెలిగేది.

ఆ ఎండల్లోనే మార్కెట్‌కు నడిచి వెళ్తే కొత్త చెప్పు కరిచి, ఆయన కుడికాలి బొటనవేలు మీద పుండు పడింది. మానలేదు. నారాయణగూడ డాక్టరు వెళ్లినప్పుడల్లా ఒకటే అడిగేవాడు, తీపి తింటున్నారా అని. లేదని తాతయ్య ఒట్టేశారు. ఎవరూ నమ్మలేదు. దారిలో మిఠాయి కొట్టుందని నాన్న ఆయన్ని ఒంటరిగా పంపడం మానేశాడు. ఉతకడానికి వేసిన చొక్కాల జేబులు తిప్పి చూసేవాడు, ఆయన ఎదుటే. తాతయ్య పేపరు చదువుతున్నట్టు తలవంచుకుని కూర్చునేవారు. చివరికి పుండు పక్కవేళ్లకు పాకి, నల్లబడింది. మూడు వేళ్లు తీసేశారు.

ఆస్పత్రి నుంచి తెచ్చిన రోజు నానమ్మ ఆయన సీసా కలుపుతూ, అలవాటుగా పైఅరలోని డబ్బా దించి మూడు గరిటెలు వంచింది.

"ఏంటమ్మా అది?" అన్నాడు నాన్న.

"తేనెరా. చేదు తెలీకుండా పోస్తున్నా. చక్కెర కాదుగా! మందులన్నీ తేనెలోనే రంగరించి ఇస్తారు, తేనె చేటు చేస్తుందా?"

మంచం మీంచి తాతయ్య అన్నారు: "ఒరేయ్, ఇక నా జేబులు వెతక్కురా."

నాన్న ఆ సీసా కడగడానికి తీసుకెళ్లి, పంపు చాలాసేపు కట్టలేదు. నానమ్మ మళ్లీ తీపి ముట్టలేదు. పండగ పాయసం కుదిరిందో లేదో చూడమని మమ్మల్ని పిలిచేది. తాతయ్య వానలు మొదలయ్యేదాకా ఉన్నారు.

ఆ ఇల్లు పడగొట్టి హాస్టల్ కట్టారు. వడియాలు ఎండినంత ఎత్తులో ఇప్పుడు పోటీ పరీక్షల కుర్రాళ్ల తువ్వాళ్లు ఆరుతుంటాయి. కూలర్ లేదు, కుండ లేదు, నానమ్మ లేదు. షుగరు మాత్రం నాన్నకు వచ్చింది. మా ఇంట్లో తేనె ఉంచం. షర్బత్ చేతికిచ్చాక నేల మీద కూర్చుని, నాన్న పాదాలు ఒళ్లో పెట్టుకుని, వేళ్ల సందులు విడదీసి చూస్తాను. ఈ రోజుకు పది ఉన్నాయి.