తబస్సుమ్, ఒక తెలుగు గొంతు, నా నిచ్చెన

మార్కాపురం బజారులో మా స్టీలు సామాన్ల దుకాణానికి ఎదురుగా 'జమాల్ రేడియో సర్వీస్' అని బోర్డు ఉంటుంది. లోపల ఎంత వెతికినా ఒక్క రేడియో కనబడదు, అన్నీ కంప్యూటర్లే. జమాలుద్దీన్ పోయాక ఆయన కూతురు తబస్సుమ్ ఆ దుకాణం నడుపుతోంది. బోర్డు మార్చమ్మా అని ఎన్నోసార్లు చెప్పాను. "మా అబ్బ పేరుంది కదా మామా, ఏదైతే ఏంది, రిపేరు రిపేరే" అంటుంది. మొండి మనుషులంటే నాకు ఒళ్ళు మంట. ఈ పిల్ల ఒక్కతే మినహాయింపు.

జమాలుద్దీన్‌కు ఒక పద్ధతి ఉండేది. చెడిపోయిన రేడియోను పారేసేవాడు కాదు. అందులో బాగున్న భాగాన్ని ఊడదీసి ఇంకోదానికి పెట్టి పాడించేవాడు. కొలత కుదరకపోతే అరగదీసి కుదిర్చేవాడు. ఆ చెయ్యి చివరికి నా నిచ్చెన మీద కూడా పడింది. వీధిలో పది దుకాణాలకూ అదొక్కటే నిచ్చెన, మా నాయన చేయించింది. తన అటక కింద పట్టడం లేదని ఒకరోజు దాని కాళ్ళు రెండు మెట్ల మేర కోసేశాడు మహానుభావుడు! ఆయన పని ఆయనకు జరిగింది. మిగిలిన తొమ్మిది దుకాణాల వాళ్ళకూ బోర్డులు అందకుండా పోయాయి. పన్నెండేళ్ళుగా అందుకు తిడుతూనే ఉన్నాను. ఆయన పోయాక ఆ తిట్లు కూతురికి దక్కాయి.

తండ్రి చెయ్యే ఆమెకూ వచ్చింది. కొత్త సాఫ్ట్‌వేర్ ఎక్కిస్తుంటే ఒక్కోసారి 'ఫలానా లైబ్రరీ ఫైలు లేదు' అని మధ్యలో ఆగిపోతుందట. లైబ్రరీ అంటే పుస్తకాలవి కావు. నాలుగైదు సాఫ్ట్‌వేర్లు కలిసి వాడుకునే ఉమ్మడి ఫైళ్ళు. అవి ఉన్నాయా లేవా అని కొత్త సాఫ్ట్‌వేర్ ముందే చూసుకుని, లేకపోతే మొరాయిస్తుంది. అప్పుడు తబస్సుమ్ వేరే కంప్యూటర్ నుంచి అదే పేరున్న ఫైలు తెచ్చి అందులో పెట్టేస్తుంది. అలా పోగుచేసిన ఫైళ్ళు పెన్‌డ్రైవుల్లో, ఆ పెన్‌డ్రైవులు బిస్కెట్ల డబ్బాలో. గిద్దలూరు, కొమరోలు నుంచి కూడా ఆ డబ్బాను నమ్ముకుని వస్తారు.

పోయిన నెలలో ఒక గురువారం పదిన్నరకు దొనకొండ నుంచి ఉషారాణి వచ్చింది. ఇరవై ఎనిమిదేళ్ళ పిల్ల. నాలుగేళ్ళ కింద జబ్బు చేసి చూపు పోయింది. చేతిలో తెల్ల కర్ర, భుజాన లాప్‌టాప్ సంచి. కర్నూలులో ట్రైనింగ్ అయిందట. తెర మీద అక్షరాలను ఆ లాప్‌టాప్ పైకి చదువుతుంది, ఆ పిల్ల విని పని చేస్తుంది. చిక్కేమిటంటే అందులో ఉన్నది ఇంగ్లీషు గొంతు. తెలుగు అక్షరం వస్తే నోరు మెదపదు.

"తెలుగు గొంతు ఎక్కియ్యాల అక్కా. మధ్యాన్నం మూడింటికి ఉద్యోగానికి పరీక్ష. తెలుగులో వచ్చిన ఫిర్యాదు చదివి ఫోన్లో జవాబు చెప్పాల. ఇంట్లోనే కూర్చుని చేసే పని. పోయిన తూరి గడువు అడిగినా. మళ్ళీ అడిగితే ఇంక పిలవరు" అంది ఉషారాణి.

"మూడింటికా? పన్నెండుకే చేసి ఇస్తా కూర్చో" అంది తబస్సుమ్.

ఎక్కించడం మొదలుపెట్టగానే ఆగిపోయింది. ఫలానా లైబ్రరీ ఫైలు కావాలని లాప్‌టాప్ తన ఇంగ్లీషు గొంతుతో గడగడా చదివింది. తబస్సుమ్ అప్పటికే డబ్బా మూత తీసింది.

"అక్కా, వెర్షన్ అని కూడా ఏదో చెప్పింది కదా?" అని అడిగింది ఉషారాణి.

"పేరు ఒకటే కదమ్మా, సరిపోతుందిలే."

ఫైలు పెట్టింది. పాతదాన్ని తీసేసి దాని చోట పెట్టాలా అని తెర మీద అడిగితే సరే అని నొక్కింది. లాప్‌టాప్ ఆపి మళ్ళీ వేసింది. తెలుగు గొంతు రాలేదు సరికదా, ఉన్న ఇంగ్లీషు గొంతు కూడా పడిపోయింది. ఉషారాణి ఒక మీట నొక్కింది, ఇంకోటి నొక్కింది. నిశ్శబ్దం.

"అక్కా, నాకేం వినపడడంల్యా" అంది. ఆ మాట ఎదురుగా నా దుకాణం దాకా వినబడింది. టైము పన్నెండున్నర.

భయం వేస్తే నాకు కోపం వస్తుంది, అది నా రోగం. దుకాణం వదిలేసి వెళ్ళి విరుచుకుపడ్డాను. "ఆ పిల్లకున్న ఒక్క ఆధారమూ తీసేస్తివే! మీ అబ్బ నా నిచ్చెన కోసినట్టే కోసినావు. ఒక్కరి పని కోసం కురచ చేసి, అందరికీ అందకుండా చేసినారు!"

 తబస్సుమ్ ఒక్కసారిగా కుర్చీలోంచి లేచింది.

"మామా, అదే! నేను పెట్టింది కురచ ఫైలు! పేరు అదే గానీ పాతది. ఇంగ్లీషు గొంతు కూడా నేను తీసేసిన ఫైలు మీదనే నిలబడి ఉండాది. ఇంతకంటే పాతది పనికిరాదని ఆ కింది లైన్లో చెప్పింది. ఇన్నేళ్ళలో ఆ లైను నేను ఒక్కనాడు చదవలే!" అని ఉషారాణి చెయ్యి పట్టుకుంది. "నువ్వు చెప్పినావు కూడా. తప్పు నాది చెల్లీ."

అసలు ఫైలు నెట్ నుంచి దించాలి. రోడ్డు తవ్వకంలో కేబుల్ తెగి పొద్దున్నుంచీ నెట్ లేదు. ఇక ఫోను నెట్‌ను లాప్‌టాప్‌కు కలిపి దించడమే దిక్కు. మా బజారులో ఫోన్లో మాట్లాడటానికి కింద సరిపోతుంది, నెట్ కావాలంటే మాత్రం రేకుల పైకి వెళితే గానీ సిగ్నల్ అందదు. నేనేం ఆలోచించలేదు. ఆమె ఫోను లాక్కుని, నిచ్చెన వేసి, అరవై రెండేళ్ళ వయసులో ఎక్కేశాను. చివరి మెట్టు మీద నిలబడి చెయ్యి పైకి చాపితే వచ్చింది సిగ్నల్! చెయ్యి కాస్త దించితే పోతుంది.

"ముప్ఫై శాతం మామా, దించొద్దు!"

"మీ అబ్బను నాలుగు తిట్టుకోనీవే, చెయ్యి లాగేస్తా ఉంది!"

"తిట్టు మామా, ఎంతన్నా తిట్టు, చెయ్యి మాత్రం దించొద్దు!"

వీధి వీధంతా కింద చేరింది. డెబ్భై అని ఒకడు, ఎనభై అని ఇంకొకడు అరుస్తున్నారు. నూరు అనేసరికి నా చెయ్యి నాది కాకుండా పోయింది. తబస్సుమ్ పాత ఫైలును తీసేసి కొత్త లైబ్రరీని మొత్తం ఎక్కించింది. ఇంగ్లీషు గొంతు పలికింది. తెలుగు గొంతును మళ్ళీ మొదలుపెట్టింది. ఈసారి కింది లైను దాకా పూర్తిగా చదివి మరీ నొక్కింది. ఎక్కడా ఆగలేదు.

రెండు గంటల నలభై నిమిషాలకు ఆ లాప్‌టాప్ ఒక ఆడగొంతుతో "తెలుగు సిద్ధంగా ఉంది" అంది. నేను చప్పట్లు కొట్టాను, ఎవరో ఈల వేశారు. తబస్సుమ్ మాత్రం ఓణీ కొంగు మొహానికి అడ్డం పెట్టుకుని ఏడ్చేసింది.

మూడింటికి ఫోను వచ్చింది. అరగంట పాటు మా దుకాణంలో గిన్నె చప్పుడు కానివ్వలేదు. వాళ్ళు ముందే పంపిన ఫిర్యాదును లాప్‌టాప్ చదువుతోంది, ఉషారాణి ఫోన్లో తొణక్కుండా జవాబు చెబుతోంది. చివరికి "సోమవారం నుంచా అండీ? తప్పకుండా" అంది. మా గోలకు పక్క వీధి వాళ్ళు కూడా పరుగెత్తుకొచ్చారు.

ఆటో పిలుస్తానంటే ఉషారాణి ఆగమంది. "కర్నూల్లో నాతోపాటు నేర్చుకున్న ఫణికృష్ణ అని ఒకాయన మెయిల్లో తెలుగు ఉత్తరాలు రాస్తాడు చిన్నాయనా. మా తమ్ముడు చదివి చెప్తాడు. మధ్యలో ఆపి నవ్వుతాడు, కొన్ని వదిలేస్తాడు. వదిలేసినాడని నాకు తెలుస్తానే ఉంటాది" అంటూ లాప్‌టాప్ ఒళ్ళోకి లాక్కుంది. "ప్రియమైన ఉషా" అని ఆ గొంతు మొదలుపెట్టింది. అందరం మెడలు చాపాం.

ఆ పిల్ల సంచిలో తడిమి ఇయర్‌ఫోన్ తీసి గుచ్చింది. గొంతు ఆగిపోయింది. వింటూ వింటూ నవ్వుతోంది, బుగ్గలు ఎర్రబడుతున్నాయి. నాకు ప్రాణం ఆగడం లేదు.

"ఏందమ్మా? ఏం రాసినాడు?"

ఒక చెవిలోంచి ఇయర్‌ఫోన్ తీసి నా వైపు మొహం తిప్పింది. "అది నాకు రాసింది చిన్నాయనా" అని మళ్ళీ పెట్టుకుంది.