సినిమా బావికి రాళ్ళు

ఎఫీ ఇరవై రెండేళ్ళుగా స్కాట్లాండ్‌లోని మా లోయకు వచ్చినవాళ్ళకు చరిత్ర చెబుతోంది. నేను గేటు దగ్గర టికెట్లు చింపుతాను, టీ పోస్తాను. చరిత్ర అంటున్నాను గానీ, వచ్చేవాళ్ళకు కావలసింది ఇక్కడ తీసిన సినిమా. అందులో ఇంగ్లీషు సైనికులు మా ఆడవాళ్ళను బావిలో తోసి చంపుతారు. సినిమావాళ్ళు చెక్కతో, ప్లాస్టర్‌తో కట్టిన ఆ బావి షూటింగ్ అయ్యాక ఇక్కడే ఉండిపోయింది. జనం దాని దగ్గర పూలు పెట్టి ఏడుస్తారు. ఆ సినిమా చూశాకే తాను స్కాట్లాండ్ వాడినని తెలిసిందని, పుట్టినప్పటి నుంచీ మా రాజధాని ఎడిన్‌బరోలోనే ఉన్న ఒక పెద్దమనిషి నాతో అన్నాడు. ఏం చెప్పాలి ఇలాంటివాళ్ళకి?

ఎఫీ మాత్రం విసుక్కోకుండా చెప్పేది. పక్కనే ఏరుండగా ఇక్కడ ఎవరూ బావి తవ్వలేదు. పందొమ్మిదో శతాబ్దంలో ఊరు ఖాళీ చేయించింది ఇంగ్లీషువాళ్ళు కాదు, ఈ నేలకు యజమాని అయిన మన వంశనాయకుడే. గొర్రెలు మేపుకోవడానికి నేల కావాలని మనుషుల్ని బయటికి ఈడ్పించి, ఇళ్ళ పైకప్పులకు నిప్పు పెట్టించాడు. ఆయన ఇంటిపేరూ నా ఇంటిపేరూ ఒకటే, అనేది. ఇంతవరకూ వచ్చేసరికి సగంమంది ఫోన్లు చూసుకునేవారు. మిగతావాళ్ళు మొహం మాడ్చుకునేవారు.

నిరుడు చలికాలపు వానలకు ప్లాస్టర్ బావి కూలింది. దాన్ని రాతితో కట్టాలని మా ఊరి కమిటీ కూర్చుంది, అందులో ఎఫీ, నేనూ ఉన్నాం. కొండమీద పాత గొర్రెల దొడ్లున్నాయి, ఆ రాళ్ళు దించుదామన్నాడు కమిటీ పెద్ద టోర్కిల్. చిన్నప్పుడు అతనికి చర్చి ఆదివారం బడిలో పాఠాలు చెప్పింది ఎఫీయే.

అవి దొడ్లు కావంది ఎఫీ. కాలిన ఇళ్ళ గోడల్నే తర్వాత కాపరులు దొడ్లుగా వాడుకున్నారంది. వాటిలో చివరి ఇల్లు తన తాతకు నాయనమ్మ అయిన షోనాదని, జ్వరంతో మూలుగుతున్న ఆమెను దుప్పటితో సహా బురదలో పడేశారని చెప్పింది. లేచి ఆమె పక్కన నిలబడాలనుకున్నాను. నిలబడలేదు. అది తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

"మీరు చెప్పేది నిజమే ఎఫీ గారూ," అన్నాడు టోర్కిల్, తల వంచుకుని. "కానీ ఆవిడ కోసం ఎవరేడుస్తున్నారు చెప్పండి? బావి దగ్గరైతే ఏడుస్తున్నారు. ఊరు నడుస్తున్నది ఆ ఏడుపు మీదే."

"నేనేడుస్తున్నా కదరా," అంది ఎఫీ.

ఆ రాళ్ళు దించడానికి ఒప్పుకునేవాళ్ళను చేతులెత్తమన్నారు. ఆమెది తప్ప అన్నీ లేచాయి, నాది కూడా.

వేసవికి బావి తయారైంది. ఎఫీ పని మానేస్తుందనుకున్నాను, మానలేదు. అలిసిపోయిందంతే. మోకాళ్ళు పట్టుకుని మెల్లగా నడిచేది, అడిగినదానికే జవాబు చెప్పేది.

జూన్‌లో ఒకరోజు సన్నగా జల్లు పడుతుంటే ఆమెకు గొడుగు ఇచ్చిరావడానికి వెళ్ళాను. గ్లాస్గో నుంచి వచ్చిన ఒక అమ్మాయి బావి గట్టున మసిపట్టిన రాయి మీద అరచెయ్యి ఆనించి నిలబడి ఉంది. ఆ రాయి ఏ ఇంటి గుమ్మం పైదో నాకూ తెలుసు.

"ఇది వాళ్ళు తగలబెట్టిందేనామ్మా?" అని ఎఫీని అడిగింది.

"ఎవరు?"

"ఇంగ్లీషువాళ్ళు."

ఎఫీ కూడా ఆ రాయి మీద చెయ్యి వేసింది. పాత పాఠం మొదలుపెడుతుందని నేను ఎదురుచూస్తున్నాను.

"అవును," అంది. "లోపల మా షోనా ఉండేది. జ్వరంతో."

ఆ అమ్మాయి ఎఫీని కావలించుకుని వెక్కి వెక్కి ఏడ్చింది. షోనా కోసం పరాయి మనిషి ఏడవడం నేను చూడటం అదే మొదటిసారి.