ఆరుగురు రాణులూ, నరసమ్మ ఆంటీ

ఈ ఉదయం సింగపూర్ టెక్కా మార్కెట్లో పాండాన్ ఆకుల కట్ట ఒకటి కొన్నాను. రైలెక్కేసరికి సంచిలోంచి ఆ వాసన, అప్పుడే దించిన బాస్మతి అన్నంలాంటి వాసన, పైకొచ్చి నన్ను పట్టుకుంది. దిగాల్సిన స్టేషన్ దాటిపోయాక గానీ తెలివి రాలేదు. పరమాన్నంలో యాలకులకు బదులు ఈ ఆకు ముడివేసి పడేసే తెలుగు మనిషిని నేను ఒక్కరినే ఎరుగుదును. ఆవిడ పోయి నాలుగేళ్ళయింది.

నరసమ్మ ఆంటీ మా కింది అంతస్తులో ఉండేది. వాళ్ళ తాత శ్రీకాకుళం వైపు నుంచి మలయా రబ్బరు తోటల్లో పనికి వచ్చాడట. ఆవిడ ఇక్కడి బళ్ళో చరిత్ర చెప్పి రిటైరై, ఇంట్లో పిల్లలకు ట్యూషన్లు చెప్పేది. నేను వచ్చింది వై2కె రోజుల్లో. కంప్యూటర్ తెలిసిన ప్రతివాడూ విమానం ఎక్కేస్తున్న కాలం అది. ఆదివారం విందుల్లో మా ఆడవాళ్ళకు పేర్లుండేవి కావు. ఒకరు మెయిన్‌ఫ్రేమ్ ప్రసాద్ గారి మిసెస్, ఒకరు టెస్టింగ్ మూర్తి గారి మిసెస్, నేను కోబాల్ రమేష్ గారి మిసెస్. లిఫ్టులో ఆంటీకి కూడా అలాగే చెప్పుకున్నాను. "అది నీ మొగుడు సేసే పనమ్మా. నీ పేరేటి?" అంది. "వసుంధర" అన్నాను. సింగపూర్లో దిగాక ఆ మాట నా నోట రావడం అదే మొదటిసారేమో అనిపించింది.

ఆయన ఆఫీసుకు వెళ్ళగానే నేను ఆంటీ ఇంటికి చేరేదాన్ని. ఒక మధ్యాహ్నం బల్ల మీద ట్యూషన్ పిల్లల పుస్తకం తెరిచి ఉంది. నడుమ బొద్దుగా ఇంగ్లండు రాజు ఎనిమిదో హెన్రీ, చుట్టూ ఆరుగురు భార్యలు. ముగ్గురు కేథరిన్లు, ఇద్దరు ఆన్లు, ఒక జేన్. మన రాజుల అంతఃపురాలే తెలిసిన నేను, "వీళ్ళలో పట్టమహిషి ఎవరాంటీ? ఇంతమంది సవతులకూ ఒకే కోటలో ఎలా పడేది?" అని అడిగాను. ఆంటీ నవ్వీ నవ్వీ కళ్ళజోడు తీసి కళ్ళు తుడుచుకుంది.

"సవతులేటే పిల్లా! ఒకల్ని ఒదిలించుకున్నాకే ఇంకొకలు" అంటూ ఒక్కొక్క బొమ్మ మీదా వేలు పెట్టి చెప్పుకొచ్చింది. పెద్ద కేథరిన్ ఇరవై ఏళ్ళు దాటి కాపురం చేసింది. కొడుకును ఇవ్వలేదని వెళ్ళగొట్టాడు. ఆన్‌కి మిగిలిందీ కూతురే. నింద వేసి తల తీయించాడు. జేన్ కొడుకును కని బాలింతగానే పోయింది. నాలుగో ఆమె నచ్చలేదన్నాడు. సరేనని, ఇళ్ళు రాయించుకుని హాయిగా బతికింది. ఐదో ఆమె ఇంకా చిన్నపిల్ల. ఆమె తలా పోయింది. ఆఖరి కేథరిన్ ఒక్కతే ఆయన్ను సాగనంపింది. "ఆరుగురూ ఒక్కసారే ఒకింట్లో ఉంటేనా, ఆడి పని పట్టేద్దురు. ఒక్కొక్కతే దొరికింది. ఆడికి అదే సుళువైపోయింది" అంది ఆంటీ. నాకు నవ్వొచ్చింది, కానీ సగంలోనే ఆగిపోయింది. పెద్ద కేథరిన్ బొమ్మ వైపు మళ్ళీ చూడలేకపోయాను. నాకు పెళ్ళయి నాలుగేళ్ళు, పిల్లలు లేరు.

ఆ మరుసటి నెలే ఆయన నా ముందు టికెట్ పెట్టారు. "కొన్నాళ్ళు మీ అమ్మ దగ్గర ఉండు" అన్నారు. వెళ్ళడానికే ఉంది, రావడానికి లేదు. మా అత్తగారు అప్పటికే ఇంకో సంబంధం వెతుకుతున్నారని మా పిన్ని ఫోన్లో చెప్పింది. అయినా "సరే" అన్నాను. ఆయన దగ్గర నాకు ఆ ఒక్క మాటే వచ్చు. కిందికి వెళ్ళి ఆంటీ దగ్గర మాత్రం భోరున ఏడ్చాను. ఆవిడ ఓదార్చలేదు. కాగితం, పెన్ను తెచ్చింది. "మీ ఆదివారం ఆడాళ్ళలో నీకు కావలసినోళ్ళ నంబర్లు రాయి. మొగుళ్ళ పేర్లు కాదు, ఆళ్ళ పేర్లు రాయి" అంది. నాకు నాలుగు పేర్లే తెలుసు.

శనివారం సాయంత్రం బెల్లు మోగింది. పరమాన్నం గిన్నెతో ఆంటీ, వెనకాల ఆ నలుగురూ. వచ్చి కూర్చుని, సినిమా కబుర్లు చెప్పుకుంటూ తినడం మొదలుపెట్టారు. నాతో కలిపి ఆరుగురం. ఆయన రాఫెల్స్ ప్లేస్‌లో ఆఫీసు నుంచి వచ్చేసరికి సోఫాలో చోటు లేదు. "మకాన్ అయిందా బాబూ?" అని ఆంటీ ఆయన భోజనం సంగతి అడిగి, చేతిలో కప్పు పెట్టి, నెమ్మదిగా అంది: "వసుంధరకి రిటర్న్ టికెట్ ఎప్పటికి?"

ఆయన మా అందరినీ చూశారు. "ఇంకా... చూడాలండీ."

"చూడు బాబూ. మేం కూకుంటాం లా" అంది ఆంటీ, మాట చివర ఇక్కడివాళ్ళ "లా" తగిలించి.

ఎవరూ కదల్లేదు. అప్పుడు నేనన్నాను, "నేను వెళ్ళనండీ. ముందు ఇద్దరం డాక్టరు దగ్గరికి వెళదాం" అని.

ఆ టికెట్ రద్దయింది. లోపం నాలో లేదని తేలాక ఆయన చాలాకాలం ముభావంగా ఉన్నారు, తరువాత మెల్లగా మనిషయ్యారు. "ఆరోజు వాళ్ళు రాకపోతే నిన్ను పంపేసేవాణ్ణి" అని ఎన్నో ఏళ్ళకు ఒప్పుకున్నారు. నాకు ఒళ్ళు మండింది. అబద్ధం ఆడనందుకు కాస్త చల్లబడ్డాను కూడా.

మొన్న ఆదివారం ఒక విందులో కొత్తగా వచ్చిన అమ్మాయిని "క్లౌడ్ కిరణ్ గారి మిసెస్" అని పరిచయం చేశారు. పేరు అడిగాను. "హారిక" అంటూనే కళ్ళనీళ్ళు పెట్టుకుంది. పక్కకు తీసుకెళితే చెప్పింది, వచ్చేవారం ఊరికి పంపేస్తున్నారట. టికెట్ వెళ్ళడానికేనట. ఇంటికి రాగానే ఆ నలుగురికీ ఫోన్ చేశాను. మోకాళ్ళ నొప్పులన్నారు, ఆఫీసు మీటింగులన్నారు, అన్నీ అని వస్తామన్నారు. ఇప్పుడు పొయ్యి మీద పరమాన్నం ఉడుకుతోంది, ఆకు ముడివేసి వేశాను. ఆంటీ లేదు కనక ఐదుగురమే వెళుతున్నాం. ఆ అమ్మాయి తలుపు తీస్తే ఆరుగురం అవుతాం.