జుల్ఫికర్ తెర మీద వాన

కల్వకుర్తి మార్కెట్ యార్డు ఎదుట జుల్ఫికర్‌కు ఆన్‌లైన్ సెంటర్ ఉంది. దరఖాస్తులు నింపుతూనే కంప్యూటర్లో గేమ్ నడుపుతాడు. వరుసలో నిలబడ్డ నాకు ఒళ్లు మండుతుంది. ఫుల్‌స్క్రీన్‌లో పెడితే ఆట నుంచి దరఖాస్తుకు మారినప్పుడల్లా తెర కాసేపు నల్లబడుతుందట. అందుకే బోర్డర్‌లెస్ విండో: అంచుల్లేకుండా తెరంతా ఆట, దాని మీద చిన్నగా దరఖాస్తు.

మొన్న మండుటెండలో స్పీకర్లు ఉరిమాయి. నా ముందున్న రైతు ఎల్లస్వామి బయటికి పరుగెత్తి, యార్డులో ఆరబోసిన పల్లికాయ మీద టార్పాలిన్ కప్పాడు. తిరిగొచ్చి చూస్తే, తన దరఖాస్తు వెనకాల, ఆటలోని అడవంతా వానకు తడుస్తోంది.

"మాఫ్ చెయ్ పెద్దనాయినా, బంద్ చేస్త," అంటూ జుల్ఫికర్ మౌస్ అందుకున్నాడు.

"ఉండనీ బిడ్డా, వాన మొకం సూసి ఎన్ని దినాలాయె." ఎల్లస్వామి చెప్పులు గడప బయట విడిచి, తెర ముందు నిలబడ్డాడు.

నా చెప్పులు నేనెప్పుడు విడిచానో నాకే తెలియదు.