ఉస్మాన్ సాబ్ రంగుల వేదాంతం

వేదాంతాలు అడవుల్లోనో గుహల్లోనో పుడతాయని పెద్దలు రాశారు. ఎమ్మిగనూరు నేతగాళ్ల వీధిలో మాత్రం ఒకటి నూలు అద్దే కాగు పక్కన పుట్టింది. దాని కర్త ఉస్మాన్ సాబ్. మోచేతుల దాకా నీలం, గోళ్లలో ఎరుపు, మాటలో పులుపు. తాను అద్దిన నూలును ముప్పై ఏళ్లలో ఒక్కసారైనా బాగుందన్న పాపాన పోలేదు. ఆ నూలుతో చీరలు నేసే జయన్న రంగు ఎట్లా వచ్చిందని అడిగితే, “ఏదో, పట్టింది” అనేవాడు. అంతకు మించిన మెచ్చుకోలు ఆయన నోట ఎవరూ వినలేదు.

అద్దకం పనిలో ఒక అలవాటుంది. ప్రతి కాగు నుంచీ ఒక పోగు తీసి గోడ మేకుకు కడతారు. దాన్ని మచ్చు అంటారు. మళ్లీ అదే రంగు కావాలంటే ఆ మచ్చును తెల్లగుడ్డ మీద పరిచి చూసి కలుపుతారు. 1971లో ఉస్మాన్ సాబ్ ఈ పద్ధతిని మానవజాతికి వర్తింపజేశాడు. సిద్ధాంతం క్లుప్తమైనది. పుట్టబోయే ప్రతి జీవినీ ఒక రంగులో ఒకేసారి ముంచుతారు. బతకడమంటే ఉతుకుడు. రంగంతా దిగిన రోజున గుడ్డను పైవాడు తీసుకుపోతాడు. వీధిలో అందరి ముఖాలూ చూసి ఒక్కొక్కరికి ఒక మచ్చు అద్ది మేకులకు కట్టాడు. అద్దేవాడికి తన రంగు తనకు కనిపించదు కనుక, తన పేరిట ఒక మేకు ఖాళీగా వదిలాడు.

నూనె అమ్మే ఉచ్చీరప్పకు రంగు దిగుతోందని ఆయన అన్న నాలుగో రోజున ఉచ్చీరప్ప పోయాడు. ఉచ్చీరప్పకు ఎనభై నాలుగేళ్లనీ, మంచం పట్టి రెండు నెలలైందనీ ఎవరూ పట్టించుకోలేదు. శాస్త్రం స్థిరపడింది. పొద్దున్నే సాబ్ ఎదురైతే మగవాళ్లు తువ్వాలు ముఖానికి అడ్డం పెట్టుకునేవారు. కోడళ్లు మాత్రం దొడ్డిదారిన వచ్చి, అత్త మచ్చు ఎట్లుందో ఒకసారి చూడమని అడిగిపోయేవారు.

ఆయన భార్య అక్బర్‌బీది నెమలి మెడ నీలం. ఏటా రంజాన్ నెలలో ఆ మచ్చును ఆమె చెంప పక్కన పెట్టి చూసి, తలూపి, మళ్లీ కట్టేవాడు. 1981లో తలూపలేదు. మచ్చు బూడిదలా ఉంది. ఆమె ముఖమూ అట్లాగే ఉంది. ఎరుపులూ పసుపులూ ఎక్కడివక్కడే ఉన్నాయి. నీలం మాత్రం ఇంట్లోంచి పోతోంది.

ముప్పై ఏళ్ల సంసారం చేసిన మనిషి తన శాస్త్రాన్ని తానే ధిక్కరించాడు. ఒకేసారి ముంచుతారన్నవాడు రెండోసారి ముంచడం మొదలుపెట్టాడు. ఆమె చీరలన్నీ నీలం చేశాడు. సున్నంలో డబ్బాలకొద్దీ నీలిమందు కలిపి గోడలకు కొట్టాడు. తలుపు, గాజులు, చివరికి చీపురు పిడి కూడా నీలమే. ఆమె వంట చేస్తుంటే గడపలో కూర్చుని, అక్కడ ఎవరో దీపం వత్తి తగ్గిస్తున్నట్టు చూసేవాడు. ఆ చూపు పడలేక ఆమె వీపు తిప్పుకొని అన్నం తినేది.

జయన్న ఒక రోజు సాబ్ అద్ది ఇచ్చిన నూలు చిలపలు, చుట్టలకు చుట్టలు, తెచ్చి ముందర పడేశాడు.

“ఇది నీలం కాదు మామా, నలుపు. నా మగ్గం మీద పీనుగ ఉన్నట్టుండాది. నీ కంట్లో పొర వచ్చింది, పోదాం పా.”

ఆదోనిలో ఒక పత్తి గోదాములో ఉచిత కంటి క్యాంపు పెట్టారు. ఉస్మాన్ సాబ్ రానన్నాడు. తాను లేని పూట నీలం దిగిపోతే ఎవరు చూస్తారని ఆయన బాధ. అక్బర్‌బీయే పంపింది. మంచి కంటితో వచ్చి చూడమంది, ఏదుంటే అది చెప్పమంది.

కంట్లో పొర తీయించుకొని, నెల తర్వాత సోడాబుడ్డి అద్దాలతో బస్సు దిగాడు. ఇల్లు చూసి గడపలోనే ఆగిపోయాడు. అంత నీలం ఆకాశానికి కూడా ఉండదు. ఆ నీలంలో, నీలం చీరలో, భార్య ఎక్కడుందో కాసేపు పోల్చుకోలేకపోయాడు. మచ్చును తెల్లగుడ్డ మీదే చూడాలన్న మొదటి పాఠం అప్పుడు గుర్తొచ్చింది. తెల్ల దుప్పటి కప్పుకొని వెలుతురులో కూర్చోమన్నాడు. తెల్లగుడ్డలో తమవాళ్లను ఎప్పుడు చుడతారో తెలిసిన అక్బర్‌బీ, అయినా కప్పుకుంది.

చాలాసేపు చూశాడు.

“బాగుండాది,” అన్నాడు. “శానా బాగుండాది.”

అక్బర్‌బీ ముఖం పాలిపోయింది.

“ముప్పై ఏండ్లలో నీ నోట బాగుందనే మాట రాలేదు. ఈ పొద్దు వచ్చిందంటే, నాకు అర్థమైపోయిందిలే.”

ఉస్మాన్ సాబ్ ఆ సాయంత్రమే జయన్న మగ్గం దగ్గరికి పోయి, తాను చెప్పింది నిజమేననీ, ఒక్క పోగు కూడా వెలవలేదనీ, ఎట్లా నమ్మించాలో తెలియడం లేదనీ మొత్తుకున్నాడు. మరునాడు తెలివిగా, “ఏదో, పట్టింది” అని మాట మార్చి చూశాడు. దాచిపెడుతున్నాడని ఆమెకు ఇంకా గట్టిగా నమ్మకం కుదిరింది. పెంచుకున్న నాలుగు కోళ్లనూ పక్కింటి తాయమ్మకు ఇచ్చేసింది. దుప్పటి తీయలేదు. నీలం గోడకు ఆనుకుని, తెల్లగా, రోజూ ఎదురుచూస్తూ కూర్చునేది. ఎదురుగా ఆయన. ఒకరి చావును ఒకరు కాపలా కాస్తున్నట్టుండేది ఆ ఇల్లు. 

1983లో ఒక పొద్దున కాగు పక్కన కూర్చున్నవాడు కూర్చున్నట్టే పోయాడు. ఉస్మాన్ సాబే.

నలభయ్యో రోజు ఫాతెహాకు జయన్న వచ్చాడు. అందరూ వెళ్లాక అక్బర్‌బీ అతన్ని ఆపింది.

“ఆ పొద్దు ఆయప్ప నాకు సెప్పింది నిజమేనా?”

“నిజమే అత్తా. నాతో ఒట్టేసి సెప్పినాడు.”

ఆమె గోడవైపు తిరిగింది.

“అట్లయితే, ఆ దిగిపోతాండిన నీలం ఎవరిది జయన్నా?”

దానికి జవాబు జయన్నకు తెలుసు. కంట్లో పొర. తానే చెయ్యి పట్టుకొని ఆదోనికి తీసుకుపోయాడు. చెబుదామని నోరు తెరిచాడు. ఎదురుగా గోడ నిండా మచ్చులు, మధ్యలో సాబ్ తన పేరిట వదిలిన ఖాళీ మేకు.  మొలకు చెక్కుకున్న, ఇంకా రంగు అద్దని నూలులోంచి ఒక పోగు తెంపి ఆ మేకుకు కట్టాడు.

అక్బర్‌బీ ఆ తెల్ల పోగును చూస్తూనే కప్పుకున్న దుప్పటి తీసి మడతపెట్టింది. తర్వాత కోళ్ల కోసం తాయమ్మ ఇంటికి పోయింది. రెండే మిగిలున్నాయి.